సిపాయి పన్ను

మన భాషలో 'పన్ను' అనే మాటకు అర్థములు రెండు. ఒకటి సర్కారుకు కట్టేది. రెండవది నోటిలో ఉండేది. మొదటిదానిని గురించి ప్రభుత్వములు ఎంత శ్రద్ధ వహిస్తాయో మనకందరికీ అనుభవమే. రెండవదానిని గురించి కూడా ఒకప్పుడు ప్రభుత్వములు అంత శ్రద్ధ వహించినవనీ, పటాలములో చేరవచ్చిన పడుచువానిని నోరు తెరవమని, ముందరి పండ్లు సరిగా ఉన్నవో లేవో చూచి మరీ కొలువులో చేర్చుకొన్నవనీ చెబితే కొంచెము వింతగా తోచవచ్చును. ఆ పరీక్ష వైద్యము చేయుటకు కాదు. ఆ రోజులలో తుపాకి పేల్చుటకు పన్ను కావలసి ఉండేది.

అది ఎట్లాగో ముందు చెప్పుకొందాము. 18వ శతాబ్దిలోను, 19వ శతాబ్ది పూర్వార్ధములోను ఐరోపా సేనల చేతులలో ఉన్నది గొట్టము మూతి నుంచి మందు కూరవలసిన తుపాకి. ఒక్కొక్క కాల్పునకు కావలసినంత మందునూ, సీసపు గుండునూ కలిపి కాగితములో చుట్టి, తూటాలుగా తయారుచేసి సిపాయికి ఇచ్చేవారు. సిపాయి నడుమున వ్రేలాడే తోలుసంచిలో చేయి పెట్టి తూటా తీయవలె. దాని కొసను ముందరి పండ్లతో కొరికి చింపవలె. చిటికెడు మందును తుపాకి ప్రక్కనున్న చిన్న పళ్లెములో పోసి మూయవలె. మిగిలిన మందును గొట్టములో పోసి, గుండునూ కాగితమునూ దాని వెనుకనే దోపి, పొడుగాటి ఇనుపకడ్డీతో దట్టించవలె. ఎడమచేయి తుపాకిని పట్టుకొని ఉన్నది. కుడిచేయి తూటాను పట్టుకొని ఉన్నది. చింపుటకు మూడవ చేయి కావలె. ఆ మూడవ చేయి నోరు. బాగా తరిఫీదు పొందినవాడు నిమిషమునకు మూడుసార్లు పేల్చగలిగేవాడని చెబుతారు. అంటే నిమిషమునకు మూడుసార్లు కొరకవలె. తుపాకిమందులో ప్రధానద్రవ్యము సురేకారము. అది నాలుకకు ఉప్పగా తగులుతుంది. కొంతసేపు యుద్ధము జరిగేసరికి సిపాయి పెదవులు నల్లబడి, నాలుక పిడచగట్టి, దాహముతో అలమటించేవాడు.

పైపండ్లూ క్రిందిపండ్లూ ఒకదానితో ఒకటి కలిస్తేనే గాని కాగితము తెగదు. అందుచేత ముందరి పండ్లు లేనివాడు ఎంత కండ ఉన్నవాడైనా సైన్యమునకు పనికిరాడు. ఈ రహస్యము పల్లెలకు తెలియటానికి ఎంతో కాలము పట్టలేదు. నెపోలియను కాలములో ఫ్రాన్సులో నిర్బంధ సైనికసేవ అమలు జరిగినప్పుడు, యుద్ధమునకు పోవటము ఇష్టము లేని యువకులు కొందరు తమ ముందరి పండ్లు తామే ఊడబెరుకుకొన్నారు. మత్తుమందు లేని రోజులు. ఆ నొప్పికి సిద్ధపడినారంటే యుద్ధమును వారు ఏమని ఎంచినారో మనము ఊహించుకొనవచ్చును.

ఇక్కడ ఒక సంగతి గమనించవలె. సైన్యములో దంతపరీక్ష ఉన్నది గాని దంతవైద్యము లేదు. పన్ను పోటు పెట్టిన సిపాయికి దిక్కు పటాలపు శస్త్రవైద్యుడు. అతనికి తెలిసిన చికిత్స ఒక్కటే, పీకివేయుట. ఇంగ్లీషు ఈస్టిండియా కంపెనీవారి ఓడలలోని వైద్యుల కొరకు జాన్ వుడాల్ అనే శస్త్రవైద్యుడు 1617లో ఒక గ్రంథము ప్రచురించినాడు. ఓడవైద్యుని పెట్టెలో ఏ ఏ పనిముట్లు ఉండవలెనో అందులో వివరముగా చెప్పినాడు. పండ్లు పీకే పట్టకార్లు, చిగురు కోసే కత్తులు, ఆకురాళ్లు ఆ పట్టికలో ఉన్నవి. కంపెనీవారు మన మచిలీపట్టణములో వర్తకస్థానము పెట్టినది 1611లో. కనుక ఆ గ్రంథము వెలువడిన తరువాత కృష్ణాతీరమునకు వచ్చిన కంపెనీ ఓడలలో బట్టలబేళ్లకు తావు చూచుకొన్నట్లే, పండ్లు పీకే సామానుకు కూడా తావు ఉండవలెనన్నమాట. అంతకు మించిన దంతవైద్యము మాత్రము ఆ ఓడలలోనూ లేదు, ఆ తరువాత రెండువందల ఏండ్లకు పైగా సేనలలోనూ లేదు.

సిపాయి బ్రతికి ఉన్నంతకాలము అతని పంటికి విలువ తూటా కొరకటములోనే. చచ్చిన తరువాత ఆ పంటికి మరొక విలువ వచ్చేది. 1815లో వాటర్లూ యుద్ధము ముగిసిన తరువాత రణరంగములో పడి ఉన్న వేలాది యువకుల శవముల నోళ్లలో నుంచి పండ్లు ఊడదీసి అమ్ముకొన్నారు. లండను మొదలైన నగరములలో కలవారికి కట్టుడుపండ్లు చేసే పనివారు వాటిని కొని, ఏనుగుదంతము వంటి వాటితో చేసిన చట్రములలో బిగించేవారు. ముసలివారి నోట్లో మెరిసే ఆ పండ్లకు 'వాటర్లూ పండ్లు' అని పేరు కూడా వచ్చినది. ఆ పేరును దాచుకొనే అవసరము ఎవరికీ కలుగలేదు. ఆరోగ్యవంతులైన పడుచువాండ్ర పండ్లు గదా అని మెచ్చుకొన్నవారే ఎక్కువ.

ఇక మన దేశము సంగతి. కంపెనీవారు తెలుగు, తమిళ దేశములలో మొదట సిపాయిలను చేర్చుకొని, ఐరోపా పద్ధతిని కవాతు నేర్పినారు. 1756లో క్లైవు బంగాళమునకు తీసుకొని వెళ్లిన సేనలో ఈ మద్రాసు సిపాయిలు ఉన్నారు. వారిని చూచి ఉత్తరదేశపు ప్రజలు కంపెనీ సిపాయిని 'తిలంగా' అని పిలవసాగినారు. తెలుగువాడు అని అర్థము. తరువాత తరువాత ఆ పటాలములలో అయోధ్య ప్రాంతపు బ్రాహ్మణులూ రాజపుత్రులూ నిండినా, ఆ పేరు మాత్రము పోలేదు. నూరేండ్లకు ఢిల్లీలో తిరుగుబాటు చేసిన సిపాయిలను కూడా నగరవాసులు తిలంగాలనే వ్యవహరించినారు. ఆ విధముగా తెలుగువారి పేరు మోసిన ఆ సిపాయి పన్ను, భారతదేశ చరిత్రను ఒక మలుపు త్రిప్పినది.

1857 మొదట కంపెనీ సేనలలో కొత్త ఎన్‌ఫీల్డు తుపాకి ప్రవేశపెట్టే ఏర్పాట్లు జరుగుతున్నవి. దాని తూటాకు, గొట్టములో సులువుగా దిగుటకై, కొవ్వు పూసేవారు. అది ఆవు కొవ్వు, పంది కొవ్వు అనే మాట జనవరిలో కలకత్తా సమీపమున డమ్‌డమ్‌లో పుట్టి పటాలములన్నిటికీ ప్రాకినది. కొవ్వును చేతితో తాకటమే హిందువుకూ మహమ్మదీయునికీ రోత. దానిని పంటితో కొరకవలె! ఇదివరకటి కాగితపు తూటాను తరతరాలుగా కొరుకుతూనే ఉన్నారు, ఎవరూ ఆక్షేపించలేదు. కొరకటము పాతదే, కొవ్వు కొత్తది. అధికారులు తొందరపడి, ఇకమీదట తూటాను పంటితో కొరకనక్కరలేదు, వ్రేళ్లతో చింపవచ్చునని కవాతు పద్ధతినే మార్చినారు. దానితో అనుమానము తగ్గకపోగా పెరిగినది. ఏమీ లేకపోతే ఎందుకు మార్చినట్లు? పైగా ఏండ్ల తరబడి నోటికి అలవాటైన పని, యుద్ధపు హడావుడిలో చేయి మరచి నోరే అందుకొంటే?

ఏప్రిల్ 24న మీరటులో మూడవ అశ్వికదళపు కర్నలు, వ్రేళ్లతో చింపే ఈ కొత్త పద్ధతిని చూపించుటకే 90 మంది రౌతులను కవాతునకు పిలిచినాడు. ఆ రోజు పంచిన తూటాలు కొత్తవి కూడా కావు, పాతరకము తూటాలే. అయినా 85 మంది వాటిని ముట్టలేదు. మే 9న వారి కాళ్లకు సంకెలలు వేసి, తోటి సిపాయిల కన్నుల ఎదుట చెరసాలకు నడిపించినారు. మరునాడు మే 10 సాయంకాలము మీరటు భగ్గుమన్నది. ఆ తిరుగుబాటుకు కారణములు ఒకటి కాదు, వందేండ్లవి. ఒక్క తూటా మీద అంతా మోపటము చరిత్రకు న్యాయము కాదు. అయినా సిపాయి శరీరములో ఏ భాగము తన స్వంతము, ఏ భాగము సర్కారుది అన్న ప్రశ్న ఆనాడు అతని నోటి దగ్గరనే వచ్చి నిలిచినదన్నది నిజము.

ఆ తరువాత పది సంవత్సరములు తిరగకుండానే ఈ తగవుకు ఆస్కారము లేకపోయినది. 1866లో బ్రిటిషు సైన్యము వెనుక వైపు నుంచి నింపే స్నైడరు తుపాకిని స్వీకరించినది; దానికి లోహపు తొడుగు గల తూటా వచ్చినది. ఇక కొరకనక్కరలేదు. సిపాయి పన్ను ఆయుధసామగ్రి పట్టికలో నుంచి తొలగినది. తొలగినది గనుక దానిని గురించి ఆలోచించే అవసరము కూడా సైన్యమునకు తీరిపోయినది!

అదే కాలములో ఇంగ్లండులో సామాన్యుల నోళ్లు చెడిపోవటము మొదలైనది. కారణము చక్కెర. 1874లో ఆ దేశములో చక్కెర మీద సుంకమును పూర్తిగా ఎత్తివేసినారు. చక్కెర చవుకైనది, చక్కెర పాకములు, మిఠాయిలు, తీపి తేనీరు బీదల ఇండ్లకు చేరినవి. చక్కెర మీద పన్ను పోయినది, ఆ వెనుకనే నోటిలో పన్ను పోయినది అని మనము తెలుగులో చమత్కరించవచ్చును గాని, ఆ తరములో పుట్టి కర్మాగారముల మధ్య పెరిగిన పిల్లలకు అది చమత్కారము కాదు. ఇరవై ఏండ్లు వచ్చేసరికి సగము పండ్లు పుచ్చి, నలుపెక్కి ఉండేవి.

ఆ పిల్లలే 1899లో దక్షిణాఫ్రికాలో బోయరు యుద్ధమునకు వెళ్లినారు. అక్కడ సిపాయికి ఇచ్చే ఆహారము ఇటుక వంటి గట్టి బిస్కత్తు, డబ్బాలోని మాంసము, లేదా బండి లాగి లాగి అలసిన ఎద్దు మాంసము. పుచ్చిన పండ్లతో ఆ బిస్కత్తును నమలటము సాధ్యము కాదు. నమలనిదే అరగదు, అరగనిదే కాళ్లు నడవవు. ఆ యుద్ధములో పంటివ్యాధులతో ఆసుపత్రిలో చేరవలసి వచ్చిన సైనికులు 6,900 మందికి పైగా ఉన్నారు. చాలమందిని ఓడ ఎక్కించి స్వదేశమునకు త్రిప్పి పంపినారు. శత్రువు గుండు ఒక్కటీ తగలకుండా, ఒక బిస్కత్తుకు ఓడిపోయిన సేన అనవలె. లండనులో గైస్ ఆసుపత్రి దంతవైద్యుడు న్యూలాండ్ పెడ్లీ ఈ దుస్థితిని విని, 1900లో తన స్వంత ఖర్చుతో దక్షిణాఫ్రికాకు వెళ్లి సైనికులకు చికిత్స చేసినాడు. బ్రిటిషు సేనలతో యుద్ధరంగమునకు వెళ్లిన మొదటి దంతవైద్యుడుగా ఆయనను చెబుతారు. ఒక మహాసామ్రాజ్యము చేయవలసిన పనిని ఒక వ్యక్తి తన జేబులోని డబ్బుతో ప్రారంభించవలసి వచ్చినది.

యుద్ధము ముగిసినది, పాఠము మరుగున పడినది. 1914 ఆగస్టులో ఫ్రాన్సు చేరిన బ్రిటిషు సేనతో ఒక్క దంతవైద్యుడు కూడా వెళ్లలేదు. స్వదేశములో మాత్రము పండ్లు బాగులేవని వేలాది యువకులను త్రిప్పి పంపుతూనే ఉన్నారు. ఆనాటి ఇంగ్లీషు హాస్యపత్రికలో దీని మీద ఒక బొమ్మ వచ్చినది. పండ్లు లేవని తిరస్కృతుడైన ఒక యువకుడు, తాను వెళ్లేది జర్మనులను కాల్చుటకు గాని కొరుకుటకు కాదు గదా అని వైద్యునితో వాదిస్తున్నాడు. అరవై ఏండ్ల క్రిందట అయితే కాల్చుటకు కూడా కొరకవలసి ఉండేదని ఆ యువకునికి ఎవరు చెప్పవలె?

ఆ అక్టోబరులో ఏన్ నదీతీరమున యుద్ధము సాగుతున్నప్పుడు, ఒక సేనావిభాగమునకు నాయకుడైన డగ్లసు హేగుకు పంటిపోటు వచ్చినది. మామూలు పోటు కాదు. అన్ని వేలమంది సైన్యములో పన్ను చూడగలవాడు ఒక్కడు లేడు. చివరకు పారిసు నుంచి ఒక దంతవైద్యుని పిలిపించినారు. హేగు లండనుకు వ్రాసినాడు. నవంబరులో 12 మంది దంతవైద్యులు ఫ్రాన్సు చేరినారు. బ్రిటిషు సైనిక దంతవైద్యశాఖ పుట్టుకను గురించి చెప్పుకొనే కథ ఇది. 1915లో, పండ్లు బాగులేనివారిని త్రిప్పి పంపక, చేర్చుకొని చికిత్స చేయించే పద్ధతి వచ్చినది. 1918లో యుద్ధము ముగిసేనాటికి దంతవైద్యుల సంఖ్య సుమారు 850కి పెరిగినది. బోయరు యుద్ధములో ఏడువేలమంది సిపాయిల పంటిపోటు చేయలేని పనిని ఒక సేనాని పంటిపోటు చేసినది. దీనిలో ఆశ్చర్యపడవలసినది ఏమీ లేదేమో. ఇంటి యజమాని కాలికి తగిలినప్పుడే గుమ్మములోని రాయి తొలగించటము మన ఇండ్లలోనూ చూస్తున్నదే.

దంతవైద్యులు వచ్చినది పుచ్చిన పండ్ల కొరకు. వచ్చిన తరువాత వారి ఎదుట నిలిచినది వేరొక పని. అది కందకముల యుద్ధము. శరీరమంతా మట్టిలో దాగి ఉంటుంది. తొంగిచూచే తలకు, ముఖమునకు గుండ్లు తగులుతవి. క్రింది దవడ ఎగిరిపోయినవారు, ముక్కు పోయినవారు, చెక్కిలి చీలి నాలుక వ్రేలాడేవారు ఆసుపత్రులకు రాసాగినారు. మొదటి రోజులలో శస్త్రవైద్యులు మంచి ఉద్దేశముతోనే చేసిన పని, చీలిన చర్మమును దగ్గరకు లాగి కుట్టివేయుట. లోపల ఎముక ఆధారము లేని చర్మము, గుంజ లేని గుడిసె కప్పు వలె లోపలికి కుంగిపోయేది. కుట్లు మానినా నోరు తెరచుకొనేది కాదు. తినటము లేదు, మాట లేదు.

దంతవైద్యునికి తెలిసిన కిటుకు ఇక్కడ ఉపయోగించినది. విరిగిన దవడ ముక్కలు ఎట్లా ఉండేవో చెప్పే ఆనవాలు వాటి మీద మిగిలి ఉన్న పండ్లే. పైపండ్లతో క్రిందిపండ్లు మునుపటివలె కలిసేటట్లు అమర్చి, ఆ పండ్లకే లోహపు తొడుగులు, తీగలు, బద్దలు బిగిస్తే, ఎముక తన స్థానములో తాను అతుకుకొంటుంది. పోయినచోట తాత్కాలికముగా రబ్బరు వంటి పదార్థముతో దవడ ఆకారమును నిలబెట్టి, ఆ తరువాత చర్మమును కుట్టవలె. ముందు గుంజ, తరువాత కప్పు. ఇది వడ్రంగి తెలివి, వైద్యుని తెలివి కలిసిన విద్య.

పారిసులో పుట్టి, అమెరికాలో దంతవైద్యము చదివిన షార్లు వలడియే అనే ఆయన బూలోను సమీపమున బ్రిటిషువారి ఆసుపత్రిలో ఈ పని ప్రారంభించినాడు. ఆయన ధనవంతుడు, తన రోల్సు రాయిసు కారులో దంతవైద్యుని కుర్చీని అమర్చుకొని తిరిగేవాడని ప్రసిద్ధి. ఆయన వద్ద పనిచేయుటకు వచ్చిన ముక్కు, గొంతు వైద్యుడు హెరాల్డు గిలీసు, న్యూజీలాండు దేశీయుడు. ముఖమును పునర్నిర్మించే విద్యలో రుచి ఆయనకు పుట్టినది అక్కడనే. 1917లో లండనుకు సమీపమున సిడ్‌కప్పులో ఆయన నాయకత్వమున ఒక ప్రత్యేక వైద్యశాల వెలసినది. ఐదువేలకు పైగా సైనికులకు అక్కడ ముఖములు తిరిగి కట్టినారు. ఆ ఊరి దారిలో కొన్ని బల్లలకు నీలిరంగు వేసి ఉంచేవారట. వాటి మీద కూర్చున్నవారి ముఖములు చూచి ఉలికిపడవద్దని దారినపోయేవారికి అది సూచన.

ఆ వైద్యశాలలో గిలీసుకు కుడిభుజము కెల్సీ ఫ్రై అనే దంతవైద్యుడు. ఆయన అంతకు ముందు పటాలపు వైద్యుడుగా యుద్ధరంగములో ఉన్నప్పుడు, దవడ ఎగిరిపోయిన ఒక సైనికుని తల ముందుకు వంచి పట్టుకొని, నడిపించుకొంటూ చికిత్స స్థానమునకు చేర్చినాడు. అప్పగించి వెనుదిరిగినాడో లేదో, అక్కడివారు ఆ గాయపడినవానిని పద్ధతి ప్రకారము స్ట్రెచరు మీద వెల్లకిల పరుండబెట్టినారు. దవడ ఆధారము లేని నాలుక వెనుకకు జారి గొంతుకు అడ్డుపడినది. ఆ మనిషి ఊపిరాడక చనిపోయినాడు. దవడ గాయము తగిలినవానిని వెల్లకిల పరుండబెట్టరాదు, తల ముందుకు వంచి కూర్చుండబెట్టవలె లేదా బోర్ల పరుండబెట్టవలె అన్న నియమము అటువంటి మరణముల నుంచి వచ్చినది. కత్తి లేదు, మందు లేదు, ఖర్చు లేదు. నోటి నిర్మాణము తెలిసినవాడు ఒకడు దగ్గర ఉంటే చాలు. యుద్ధములో దంతవైద్యుడు ఎందుకు అని అడిగేవారికి ఇంతకంటె సూటి అయిన సమాధానము మాకు తోచటము లేదు. మాట మీద బ్రతికే మా వంటి రేడియోవారికి ఇందులో మరొక సంగతి కూడా తట్టుతుంది. త, ద, న అనే అక్షరములను మన వ్యాకరణము దంత్యములన్నది. దవడనూ పండ్లనూ తిరిగి నిలిపినప్పుడు ఆ సైనికులకు తిరిగి వచ్చినది అన్నము ఒక్కటే కాదు, అక్షరములు కూడా.

1921 జనవరిలో బ్రిటిషు ప్రభుత్వము సైనిక దంతవైద్యదళమును శాశ్వతముగా నెలకొల్పినది. అమెరికావారు ఈ విషయములో వారికంటె ముందున్నారు. 1901లోనే ఒప్పందము మీద దంతవైద్యులను తీసుకొని, 1911లో ప్రత్యేకదళము ఏర్పరచుకొన్నారు.

మన సిపాయిల మాట ఏమిటి? మొదటి ప్రపంచయుద్ధములో మెసపొటేమియాలోని కూట్ పట్టణములో తురుష్కుల ముట్టడి 1915 డిసెంబరు నుంచి 1916 ఏప్రిల్ వరకు సాగినది. లోపల చిక్కుపడిన సేనలో అధికసంఖ్యాకులు భారతీయులు. కూరగాయలు లేవు, పండ్లు లేవు. గుర్రపుమాంసము తినుటకు చాలమంది మనసు ఒప్పలేదు. వారి చిగుళ్లు వాచి, నెత్తురు కారి, పండ్లు కదలసాగినవి. అది స్కర్వీ అనే వ్యాధి. తాజా కాయగూరలలోను, నిమ్మ, ఉసిరిక వంటి వాటిలోను ఉండే సి విటమిను లోపించినందువలన వచ్చేది. పందుంపుల్లతో తోమినందువల్ల గాని, పట్టకారుతో పీకినందువల్ల గాని పోయే జబ్బు కాదు. సేనలో పన్ను ఊడుట పన్ను లోపము కాదు, వంటశాల లోపము కావచ్చునని, వంటశాల లోపము దండయాత్రకు పథకము వేసినవారి లోపము కావచ్చునని కూట్ మనకు చూపుతుంది.

భారత సైన్యమునకు దంతవైద్యదళము ఏర్పడినది 1941 ఫిబ్రవరి 4వ తేదీన. నేటికీ ఆ దినమునే ఆ దళము తన సంస్థాపన దినముగా జరుపుకొంటుంది. అది రెండవ ప్రపంచయుద్ధపు నడుమ. దేశములో దంతవైద్యవిద్యకే అప్పటికి వయస్సు ఇరవై ఏండ్లు. డాక్టరు రఫీయుద్దీన్ అహ్మద్ కలకత్తాలో మొదటి దంతవైద్య కళాశాలను స్థాపించినది 1920లో. దంతవైద్యవృత్తికి చట్టము వచ్చినది స్వాతంత్ర్యము వచ్చిన తరువాత, 1948లో. సిపాయిలు లక్షలలో ఉన్న దేశములో దంతవైద్యులు బహుకొద్దిమంది. కొలువులో చేరిన తరువాతనే జీవితములో మొదటిసారి ఒక దంతవైద్యుని ముఖము చూచిన పల్లెటూరి యువకులు ఎంతమంది ఉండి ఉందురో!

ఆ యుద్ధములో పన్ను ఆకాశము కూడా ఎక్కినది. విమానము పైకి పోయినకొలదీ కొందరు వైమానికులకు ఉన్నట్టుండి పంటిపోటు పుట్టేది, దిగగానే తగ్గేది. పూడ్చిన పన్ను క్రింద కాని, పుచ్చిన పన్ను లోపల కాని ఎక్కడో కొంచెము గాలి చిక్కుకొని ఉంటుంది. పైన వాతావరణపు ఒత్తిడి తగ్గగానే ఆ గాలి వ్యాకోచించి లోపలి నరమును అదుముతుంది. నేల మీద ఎన్నడూ మూలగని పన్ను కూడా ఇరవైవేల అడుగుల ఎత్తున వైమానికుని చేతులు వణికించగలదు. నొప్పి వచ్చిన తరువాత చూచుట కాదు, రాకముందే వెదకి బాగుచేయుట అనే పద్ధతికి ఇటువంటి అనుభవములు బలము చేకూర్చినవి. నేడు అనేక సైన్యములలో సైనికుని పండ్లను ఏటేటా పరీక్షించి తరగతులుగా విభజిస్తారు. ఏడాదిలోగా బాధపెట్టవచ్చునని తోచిన పన్ను ఉన్నవానిని, అది బాగయ్యేవరకు దూరపు శిబిరములకు పంపరు.

దంతవైద్యుని చేతిలోని పనిముట్టు ఎప్పుడూ పట్టకారే కాదు. 1944 జూలై 7న పసిఫిక్ సముద్రములోని సైపాన్ ద్వీపములో అమెరికా పటాలమునకు చెందిన బెన్ సాలమన్ అనే దంతవైద్యుడు, గాయపడిన శస్త్రవైద్యుని బదులు చికిత్స స్థానమును నడుపుతున్నాడు. జపానుసేన వెల్లువవలె పైబడి గుడారములోనికే చొరబడినది. ఆయన క్షతగాత్రులను వెనుకకు పొమ్మని చెప్పి, తాను ఒక మరతుపాకి దగ్గర నిలిచినాడు. తరువాత ఆయన శవమును కనుగొన్నప్పుడు ఎదుట 98 మంది శత్రుసైనికులు పడి ఉన్నారు. వైద్యవిభాగపు చిహ్నము ధరించినవాడు ఆయుధము పట్టవచ్చునా అనే ధర్మసందేహము వలన ఆయనకు రావలసిన అత్యున్నత పతకము ఆగిపోయినది. తమను, తమ రోగులను కాపాడుకొనుటకు పట్టవచ్చునని అంగీకరించి ఆ పతకమును ప్రదానము చేసినది 2002లో, అంటే 58 సంవత్సరములకు.

పన్ను చేసే పని మరొకటి ఉన్నది. అది మనిషి పోయిన తరువాతిది. మాంసము నశిస్తుంది, ముఖము చెరిగిపోతుంది, పన్ను మిగులుతుంది. సైన్యములో చేరినవాని పండ్ల పటమును వ్రాసి భద్రపరచే ఆచారము నేడు చాల దేశములలో ఉన్నది. దీనికి పూర్వకథ అమెరికా స్వాతంత్ర్య సమరములో కనబడుతుంది. 1775 జూన్ 17న బంకర్ హిల్ యుద్ధములో జోసెఫ్ వారెన్ అనే నాయకుడు మరణించినాడు. ఆయన వృత్తిచేత వైద్యుడు. బ్రిటిషువారు ఆయనను మరొక శవముతో కలిపి గుర్తు లేని గోతిలో పూడ్చినారు. మరుసటి వసంతములో వారు బోస్టను నగరమును విడిచిపోయిన తరువాత మిత్రులు, సోదరులు వెళ్లి ఆ గోతిని త్రవ్వించినారు. పది మాసములు గడచినవి. ఎవరిది ఏ శవమో తెలియలేదు. వారితో వచ్చిన పాల్ రివియర్ అనే వెండిపని నిపుణుడు అప్పుడప్పుడు పండ్లు కట్టే పని కూడా చేసేవాడు. ఆయన వంగి ఒక శవము నోటిలో చూచినాడు. యుద్ధమునకు ముందు వారెన్ నోటిలో తాను తీగతో బిగించిన కట్టుడుపన్ను అక్కడ ఉన్నది. దానిని ఆనవాలు పట్టి, వారెన్ శరీరమును బోస్టనుకు తెచ్చి, మర్యాదగా ఖననము చేసినారు.